ఇరవై ఐదో గీత

పాలలో నీళ్ళు కనిపెట్టడం నా వృత్తి. నీళ్ళలో నీళ్ళు కనిపెట్టాల్సి వస్తుందని మాత్రం ఆ వేసవి దాకా అనుకోలేదు.

తెనాలి మారీసుపేటలో మాది పాల దుకాణం. మా ఆయన పోయాక ఇంట్లో మిగిలింది ముగ్గురం. నేను, మా మరిది గిరిబాబు, అతని భార్య సాయి సుధ. నాకు పిల్లల్లేరు. గిరిని చిన్నప్పటి నుంచీ నేనే పెంచాను. సుధ మాచర్ల పిల్ల. పెళ్ళయ్యేదాకా సముద్రం చూడలేదు. చూశాక దాన్ని ఇంటికి తెచ్చుకోవాలనిపించిందేమో, గుంటూరు స్కూల్లో సైన్సు టీచరు ఉద్యోగం మానేసి మా పక్క షట్టర్లో ఉప్పునీటి చేపల తొట్టెలు పెట్టింది. షట్టరు నాదే. "చోటిస్తాను గానీ ఇంకేమీ అడగొద్దు" అని మొదటిరోజే ఇద్దరికీ చెప్పాను. వ్యాపారంలో మొదట అన్న మాట మీదే చివరిదాకా నిలబడాలనేది నా పద్ధతి.

మార్చిలో పిల్లల డాక్టరు శాలేమురాజు గారు కబురు చేశారు. ఆయన కొత్త ఆసుపత్రి కడుతున్నారు. జనం కూర్చునే హాల్లో గోడ పొడవునా సముద్రపు చేపల తొట్టి కావాలన్నారు. సూది అంటే ఏడ్చే పిల్లలు ఆ చేపల్ని చూస్తూ ఏడుపు మర్చిపోతారట. జూన్ మొదట్లో ప్రారంభం. తెనాలిలో అంత పెద్ద తొట్టి అంతకుముందు ఎవరూ పెట్టలేదు.

ఒప్పుకుని వచ్చిన రోజు అన్నం దగ్గర సుధ అంది: "ఇది నిలబడితే నేను నిలబడ్డట్టే అక్కా. ఇది పోయిందా, షట్టరు మీకు అప్పజెప్పేసి గుంటూరు వెళ్ళిపోతాం. స్కూలు వాళ్ళు జూన్‌లో రమ్మంటూనే ఉన్నారు."

గిరి తలెత్తలేదు. నేను మజ్జిగ పోసుకుంటూ లెక్క వేసుకున్నాను. తొట్టి చస్తే సుధ వెళుతుంది. సుధ వెళితే గిరి వెళతాడు. ఆ ఇంట్లో పాల క్యాన్లూ నేనూ మిగులుతాం.

నీళ్ళు తేవడం గిరి పని. బాపట్ల అవతల సూర్యలంకలో మత్తయి అని ఒకతనికి ఇంజను పడవ ఉంది. ఒడ్డున ఇసుక కలిసిన నీళ్ళు పనికిరావు, లోపలికి పోయి డ్రమ్ముల్లో ముంచుకు రావాలి. ఆ డ్రమ్ములు వ్యానులో తెనాలి వచ్చి మా దుకాణం ముందు దిగేవి. నా గుమ్మం ముందు కొలవకుండా దిగినది ఏదీ లేదు. అలవాటు కొద్దీ మొదటి డ్రమ్ములోంచి ఒక జాడీ నీళ్ళు తీసి లాక్టోమీటర్ వదిలాను.

"అక్కా, అది పాలకండీ!" అని నవ్వింది సుధ.

"నీళ్ళకి మాత్రం బరువుండదా?"

గాజుబుడ్డి ఊగి ఊగి నిలబడింది. నీటి మట్టం ఇరవై ఐదో గీత దగ్గర ఆగింది. సుధ నవ్వు ఆపేసి వంగి చూసింది.

"నిజమే అక్కా. మామూలు నీళ్ళు వెయ్యి తూగేచోట సముద్రపు నీళ్ళు వెయ్యిన్నీ ఇరవై ఐదు తూగాలి. మీ పాల గీతలు దీనికి సరిపోయాయి!"

తన దగ్గర వేరే గొట్టంలాంటి పరికరం ఉంది, రిఫ్రాక్టోమీటర్. అద్దం మీద ఒక చుక్క వేసి మూత దించి, వెలుతురుకేసి కంటికి పెట్టుకు చూడాలి. లోపల నీలంగా ఒక మట్టం కనిపిస్తుంది. అది ముప్ఫై ఐదు దగ్గర ఉంటే వెయ్యి పాళ్ళ నీళ్ళలో ముప్ఫై ఐదు పాళ్ళు ఉప్పు ఉన్నట్టు. ఆమెది ముప్ఫై ఐదు, నాది ఇరవై ఐదు. రెండూ ఒకే మాట చెబుతున్నాయంది. నాకు ముచ్చటేసింది.

ఏప్రిల్ ఎండలు ముదిరాక ఒక మధ్యాహ్నం నా బుడ్డి ఇరవై రెండుకి మునిగింది. "ఏంట్రా ఈ నీళ్ళు, పలచగా తెచ్చావ్?" అని గిరి మీద లేచాను. సుధ తన గొట్టం పెట్టి చూసింది. ముప్ఫై ఐదే.

"మీది బరువు చెబుతుందక్కా, నాది ఉప్పు చెబుతుంది. వేడికి నీళ్ళు పలచబడతాయి, మీ బుడ్డి మునుగుతుంది. ఉప్పు ఎక్కడికీ పోలేదు."

ఆ మాట నాకు కొత్తగా చెప్పక్కర్లేదు. అప్పుడే పితికిన వెచ్చటి పాలని ఏ పాలవాడూ కొలవడు, చల్లారనిస్తాడు. జాడీని చన్నీళ్ళ బేసిన్లో పెట్టి కాసేపాగి చూశాను. ఇరవై ఐదు. ఇంకో సంగతి కూడా సుధే చెప్పింది: తొట్టిలోంచి ఆవిరయ్యేది నీరే, ఉప్పు కాదు. అందుకని మట్టం తగ్గినప్పుడు మంచినీళ్ళే పోయాలి. సముద్రపు చేపలు కదా అని సముద్రపు నీళ్ళే పోస్తూ పోతే తొట్టి నానాటికీ చిక్కబడుతుంది, పొయ్యి మీద పాలు ఇగిరినట్టు. అది కాక, వారానికోసారి కొంత పాత నీరు తీసేసి కొత్త సముద్రపు నీరు నింపాలి.

గిరికి మాత్రం నేను ఒక్కటే చెప్పాను. "ఇరవై ఐదు చూపిస్తేనే డ్రమ్ము దిగుతుంది. లేకపోతే వచ్చిన దారినే వెనక్కి."

"సరే వదినా" అన్నాడు.

ఆ తర్వాత ఒక్క డ్రమ్ము కూడా తప్పలేదు. అన్నీ ఇరవై ఐదే.

తొట్టి మొదట్లో బాగానే ఉంది. డాక్టరు గారు మేస్త్రీలని, రంగులు వేసేవాళ్ళని కూడా పిలిచి చూపించేవారు. నారింజ రంగు మీద తెల్ల పట్టీలున్న రెండు చేపలు, ఎర్రచారల రొయ్యలు, రాయికి అతుక్కుని పువ్వులా విచ్చుకునే అనిమోన్ అనే జీవి. దాన్ని సుధ చెన్నై నుంచి ప్రాణం పెట్టి తెప్పించింది. ఆ చేపలు రెండూ దాని రేకుల మధ్యే దూరి పడుకునేవి.

మే మొదట్లో ఆ పువ్వు ముడుచుకుంది. సాయంత్రానికి విచ్చుకుంటుందిలే అంది సుధ. విచ్చుకోలేదు. మర్నాటికి పిడికిలంత అయింది, ఆ తర్వాత పిండిన గుడ్డలా రాయి మీంచి జారింది. సుధ రెండు చేతులతో దాన్ని తీసి బకెట్లో వేసుకుని, ఆసుపత్రి వెనక గేటు గుండా బయటికొచ్చింది. మేస్త్రీలు చూడకూడదని. ఇంకో నాలుగు రోజులకి ఒక రొయ్య కుబుసం సగం విడిచి అలాగే చచ్చిపోయింది.

గొట్టం ముప్ఫై ఐదు. బుడ్డి ఇరవై ఐదు. అంకెల్లో తప్పు లేదు. అంకెల్లో లేని తప్పు ఎక్కడుంటుంది? మనిషిలో ఉంటుందని అనుకున్నాను.

"మేత ఎక్కువ వేస్తున్నావేమో సుధా."

"లేదక్కా."

"చేతులకి ఏం రాసుకుంటున్నావ్?"

మామూలుగానే అడిగాను. సుధ తన చేతులు తిప్పి చూసుకుంది. ఆ రోజు నుంచి సబ్బు ముట్టడం మానేసింది. ముఖానికి పసుపు మానేసింది. తలకి నూనె మానేసింది. ఏ లోహపు పొడి నీళ్ళలో రాలుతుందోనని గాజులు తీసి అద్దం ముందు పెట్టేసింది. బోసి చేతులతో దుకాణంలో కూర్చుంటే పాలకొచ్చిన ఆడవాళ్ళు నన్ను పక్కకి పిలిచి అడగడం మొదలుపెట్టారు.

"ఏంటి కనకం గారూ, ఇంట్లో ఏమన్నా గొడవా?"

"చేపలకి పడటం లేదండీ."

"చేపలకా!"

ఏం చెప్పాలి వాళ్ళకి? ఒకరోజు సుధ ఆసుపత్రి నుంచి రాగానే గుమ్మంలోనే కూర్చుండిపోయింది. ఆమె జుట్టు ఎండుగడ్డిలా ఉంది.

"డాక్టరు గారు అడిగారక్కా, ఆ పువ్వు ఏదమ్మా అని. చోటు మార్చానని అబద్ధం చెప్పాను. నా చెయ్యే మంచిది కాదేమో. స్కూలుకి ఫోన్ చేసి వస్తానని చెప్పేస్తాను."

గిరి అప్పుడే లోపలికొస్తున్నాడు. ఆ మాట విని, వచ్చినవాడు వచ్చినట్టే వెనక్కి వెళ్ళి వ్యాను తుడుస్తూ నిలబడ్డాడు. తుడిచిన అద్దాన్నే మళ్ళీ తుడిచాడు. నేను దాన్ని చూశాను గానీ, భార్య బాధ చూడలేక వెళ్ళాడనుకున్నాను.

ఆ వారమే సుగుణమ్మ పెరుగుకొచ్చింది. ఆమె మా వీధిలో చేపలమ్ముతుంది. ఎప్పుడూ నిండుగా ఉండే గంపలో ఆ వేళ నాలుగు బొచ్చె చేపలు పడుకుని ఉన్నాయి.

"ఏంటి సుగుణమ్మా, బేరాలు బావున్నట్టున్నాయే, గంప ఖాళీ!"

"ఏం బావు తల్లీ! సముద్రం చేపేది? ఏప్రిల్ సగం నుంచీ వేట నిషేధం కదా. చేపలు గుడ్లు పెట్టే కాలమని గవర్నమెంటోళ్ళు ఆపేత్తారు. ఇంజను పడవలన్నీ ఒడ్డెక్కి కూకున్నాయి. జూన్ సగం దాకా ఈ చెరువు బొచ్చెలే నాకూ గతి, నీకూ గతి."

"అన్నీనా? సూర్యలంకలో కూడానా?"

"సూర్యలంక సముద్రం ఏమన్నా వేరేదా తల్లీ! రామాపురం, సూర్యలంక, నిజాంపట్నం, అంతా ఒకటే. పెరుగు కొంచెం గట్టిది ఎయ్యి."

గట్టి పెరుగే వేశాను. చెయ్యి పని చేస్తూనే ఉంది. మత్తయిది ఇంజను పడవ. మొన్న మంగళవారం గిరి డ్రమ్ములు తెచ్చాడు. అంతకుముందు వారమూ తెచ్చాడు. ఇరవై ఐదు చూపించాయి. మరి ఎక్కడివి?

పాల వ్యాపారంలో లాక్టోమీటర్‌ని మోసం చెయ్యడం తెలియని ఊరు లేదు. పాలలో నీళ్ళు పోస్తే బుడ్డి మునుగుతుంది. గుప్పెడు పంచదార వేస్తే మళ్ళీ లేస్తుంది. బరువు సరిపోయింది కదా అని బుడ్డి సంతోషిస్తుంది. అలాంటి అనుమానం వచ్చినప్పుడు మేము బుడ్డిని పక్కన పెట్టి కోవా తీస్తాం. పాలు ఇగిరిపోయాక అడుగున మిగిలేది అబద్ధం చెప్పదు.

సుధ మొదటి లోడు నీళ్ళలో ఒక క్యాను దాచి ఉంచింది, ఏప్రిల్ మొదట్లో, పడవలు తిరిగే రోజుల్లో వచ్చినవి. ఆ మధ్యాహ్నం ఇద్దరూ ఇంట్లో లేనప్పుడు, అందులోంచి ఒక లీటరు, కొత్త డ్రమ్ములోంచి ఒక లీటరు తీసి రెండు పొయ్యిల మీద పెట్టాను. మే ఎండలో ఆ వంటగదిలో రెండు గిన్నెల ముందు నిలబడి కలుపుతుంటే చెమట కళ్ళలోకి దిగింది. ఆ మంటకంటే, ఏం తేలుతుందోనన్న భయమే ఎక్కువ బాధించింది. కొంచెం తొందరపడకుండా ఉంటే బావుండేది, తెలియకుండా ఉండటంలో కూడా ఒక లాభం ఉంటుంది అనిపించింది.

పాత నీళ్ళ గిన్నెలో మిగిలిన ఉప్పు ఎంత కాల్చినా ఆరలేదు. పొయ్యి ఆపాక చూస్తుండగానే చెమ్మగిల్లింది. నాలిక మీద పెడితే ఉప్పు వెనకాల వేపాకు తిన్నంత చేదు. కొత్త నీళ్ళ గిన్నెలో ఉప్పు తెల్లగా, పొడిపొడిగా రాలింది. చేదు ఉందీ లేదన్నట్టుంది. రుచి ఇంట్లో జాడీలోని కల్లుప్పు రుచే. పైగా ఏదో బురద వాసన.

రెండు గిన్నెలూ తోమి బోర్లించాను. సుధకి చెప్పలేదు.

మర్నాడు పొద్దున నీళ్ళ కోసం గిరి వ్యాను తీస్తుంటే చెప్పులేసుకుని వెళ్ళి పక్క సీట్లో కూర్చున్నాను.

"ఏంటి వదినా?"

"నేనూ వస్తా. సముద్రం చూసి చాన్నాళ్ళయింది."

"ఎండకి తట్టుకోలేవు. అక్కడ నీడ కూడా ఉండదు."

"పాలమ్ముకునేదానికి ఎండేంటిరా. పోనీ."

పోనిచ్చాడు. దారంతా మాట్లాడుతూనే ఉన్నాడు. టైర్లు అరిగాయన్నాడు, కొత్త క్యాన్లు కొనాలన్నాడు, ఎవరింట్లోనో గేదె ఈనిందన్నాడు. నేను ఊఁ కొట్టాను. ఊరి చివర దారి రెండుగా చీలుతుంది. కుడికి వెళితే బాపట్ల, ఎడమకి వెళితే రేపల్లె. గిరి కుడి ఇండికేటరు వేశాడు.

"గిరీ," అన్నాను, "వారం వారం ఎటు పోతున్నావో అటే పోనీ."

వ్యాను అక్కడే ఆగింది. వెనక ఆటోవాడు హారన్ కొట్టాడు. గిరి నా వైపు చూడలేదు. ఇండికేటరు ఆపి, ఎడమకి తిప్పాడు.

వేమూరు దాటాం, భట్టిప్రోలు దాటాం.

రేపల్లె దాటాక, రొయ్యల చెరువుల మధ్య గట్టు మీద ఆపాడు. అతని స్నేహితుడు అభిరామ్‌ది ఆ చెరువు. చెరువులోకి తోడేముందు నీళ్ళు నిలవబెట్టుకునే గుంట ఒకటి ఉంది. ఉప్పుకాలవ నీళ్ళలో బోరు నీళ్ళు కలిపి అందులో తేరనిస్తారట. పైకి అద్దంలా ఉన్నాయి. షెడ్డులో టార్పాలిన్ కింద కల్లుప్పు బస్తాలు. ఒక బస్తా మూతి విప్పి ఉంది, లోపల గిన్నె ఉంది.

"పడవ లేదు వదినా," అన్నాడు గిరి, గట్టు మీద చతికిలబడి. "ఒడ్డున ముంచితే అంతా ఇసుకే. ఒకసారి తెచ్చాను, సుధ పారబోయించింది. ఇలాంటప్పుడు విదేశీ ఉప్పు డబ్బాలు తెప్పించి నీళ్ళు తయారు చేసుకోవాలంట. ఆ డబ్బుకి నిన్ను అడగాలి. చోటు తప్ప ఇంకేమీ అడగొద్దన్నావు కదా."

"సుధకి చెప్పొచ్చుగా?"

"చెబితే జూన్ దాకా తొట్టి ఆపేద్దాం అంటుంది. ఆపితే డాక్టరు వేరేవాళ్ళని చూసుకుంటాడు. గుంటూరు పోదామంటుంది." చేతిలో ఉన్న మట్టిబెడ్డని నలిపేశాడు. "నేను అక్కడికి పోయి ఏం చెయ్యను వదినా? ఆమె స్కూలుకి పోతే టిఫిన్ బాక్సు కట్టిస్తూ కూర్చోనా?"

"ఆ జీవాలు చస్తుంటే చూశావు కదరా."

"చూశాను."

"ఆ పిల్ల గాజులు తీసేసింది. చూశావుగా?"

గిరి నేల చూస్తూనే అన్నాడు.

"నువ్వు అంకె అడిగావు. అంకె తెచ్చాను. నీళ్ళు ఎక్కడివని ఒక్కసారన్నా అడిగావా?"

కొట్టాలనిపించింది. చెయ్యి లేవలేదు. అడగలేదన్నది నిజం. నా దగ్గర పాలు పోసే రైతుల్లో మోసం నేర్చినవాళ్ళంతా నా గీత చూసే నేర్చారు. ఇంట్లోవాడు నేర్చుకోవడంలో ఆశ్చర్యపోవాల్సిందేముంది? కానీ రైతుని రేపటి నుంచి రావొద్దనొచ్చు. వీణ్ణి ఏమనాలి?

"లే," అన్నాను. "డ్రమ్ములు ఖాళీగానే తీసుకుపోదాం. సుధకి నువ్వే చెబుతున్నావు. నేను పక్కనుంటాను, అంతే."

ఇంటికొచ్చేసరికి సుధ పరీక్ష గొట్టాల్లో నీళ్ళు పట్టుకుని కూర్చుంది. గిరి గుమ్మం దగ్గర నిలబడే చెప్పాడు. ఎక్కువా తక్కువా లేకుండా చెప్పాడు. ఆమె అరుస్తుందని, ఏడుస్తుందని నేను మధ్యలో నిలబడ్డాను. ఆమె అడిగింది ఒక్కటే.

"ఆ గుంటలో బ్లీచింగు వేస్తారా?"

"అప్పుడప్పుడూ వేస్తారు."

సుధ గొట్టాలు కింద పెట్టింది. "ఉప్పంటే మనం తినే ఉప్పు ఒక్కటే కాదు, నా గొట్టానికి ఆ తేడా తెలియదు. సముద్రంలో కాల్షియం ఉంటుంది, మెగ్నీషియం ఉంటుంది, ఇంకా బోలెడుంటాయి. అవి లేకపోతే రొయ్యకి కుబుసం ఊడదు." పాఠం చెబుతున్నట్టే చెప్పింది, ఎటో చూస్తూ. తర్వాత నా వైపు తిరిగింది. "ఇన్నాళ్ళ నుంచి నా చేతుల్ని నేను కడుక్కుంటూనే ఉన్నానక్కా. ఆయన చూస్తూనే ఉన్నారు."

ఆ తర్వాత ఆమె గిరితో మాట్లాడటం మానేసింది. ఒకే ఇంట్లో, ఒకే కంచాల వరసలో కూర్చుని, "మంచినీళ్ళ డ్రమ్ము ఎప్పుడు తెస్తారో అడగండక్కా" అని నాతో అనేది. అతను నాకు జవాబు చెప్పేవాడు. మధ్యలో నేను ఒక గోడని. తిట్టుకున్నా బావుండేది. తిట్టుకునేవాళ్ళు ఎప్పుడో ఒకప్పుడు అలిసిపోతారు. ఇలా మాట్లాడకుండా ఉండటం ఎక్కడికి దారి తీస్తుందో నాకు తెలియలేదు. పొద్దున లేవగానే ఆమె పెట్టె మంచం కిందే ఉందా లేదా అని చూసుకునేదాన్ని.

మొదటిరోజు అన్న మాట మొదటిసారి తప్పాను. చెన్నైకి నేనే ఫోన్ చేసి సముద్రపు ఉప్పు డబ్బాలు తెప్పించాను. సుధ శుద్ధి చేసిన నీళ్ళలో దాన్ని కలిపి, ఒక పూట తిప్పి, కొలిచి, రోజూ కొంచెం కొంచెం మార్చింది. ఒక్కసారిగా మారిస్తే ఉన్న ప్రాణాలు కూడా పోతాయట. బతికి ఉన్న రొయ్యల్నీ చిన్నాచితకా జీవాల్నీ షట్టర్లోని తొట్టెకి తెచ్చేసింది. ఆసుపత్రి తొట్టిలో ఆ రెండు చేపలూ, రాళ్ళూ మిగిలాయి.

డాక్టరు గారికి చెప్పడానికి నేనూ వెళ్ళాను. మాట తిప్పడం నాకు వచ్చు. ఎండలకి చేపలకి జబ్బు చేసిందని చెబుదామనుకుంటూ వెళ్ళాను. సుధ నాకు అవకాశం ఇవ్వలేదు.

"మేము పోసిన నీళ్ళు సముద్రపు నీళ్ళు కావు సార్. అందుకే చచ్చిపోయాయి."

డాక్టరు గారు కళ్ళజోడు తీశారు. "కార్డులు పంచేశానమ్మా. బిషప్ గారు వస్తున్నారు. ఖాళీ తొట్టి ముందు ప్రార్థన చేయించమంటావా?"

"రెండు చేపలుంటాయి సార్. అవి ఆరోగ్యంగా ఉంటాయి."

"ఇంకో నాలుగు కొని పడెయ్యొచ్చుగా, ఆ ఒక్కరోజుకి?"

"ఆ ఒక్కరోజే బతుకుతాయి సార్. మర్నాటి నుంచి పిల్లలకి చచ్చిన చేపల్ని చూపించాలి."

ఆయన బల్ల మీద పెన్ను దొర్లించారు. "జులై దాకా చూస్తాను. అప్పటికి నిండకపోతే విజయవాడ వాళ్ళని పిలుస్తాను. కనకమహాలక్ష్మి గారూ, మీరు హామీయా?"

"నేనేనండీ," అన్నాను. హామీ ఉంటే ఏం పోతుందో లెక్క వెయ్యకుండా అన్న మాట అది.

ప్రారంభం రోజున అంత పొడుగు తొట్టిలో ఆ రెండు చేపలూ ఒక మూల తిరిగాయి. జనం ఫోటోలు దిగడానికి పూలకుండీల దగ్గరికి పోయారు. స్కూలు తెరిచే రోజులు దగ్గర పడుతున్నాయి. గుంటూరు నుంచి ఫోన్ వస్తే సుధ పెరట్లోకి వెళ్ళి మాట్లాడింది. లోపలికొచ్చాక నేను అడగలేదు, తనూ చెప్పలేదు. పడుకోబోయే ముందు మాత్రం అంది, "వేట తెరిచాక ఒకసారి సముద్రపు నీళ్ళు తెచ్చి పోసి చూస్తానక్కా. వాళ్ళకి ఏ సంగతీ ఆ తర్వాత చెబుతానన్నాను. ఈసారి పడవలో నేనే వెళతాను."

"నీకు సముద్రం పడుతుందా?"

"తెలియదు."

నిషేధం ఎత్తేసిన తర్వాతి ఉదయం ముగ్గురం సూర్యలంక వెళ్ళాం. వ్యాను గిరి నడిపాడు, నేను మధ్యలో, సుధ కిటికీ పక్కన. ఒడ్డంతా తిరునాళ్ళలా ఉంది. పడవలకి పసుపు రాసి, కొబ్బరికాయలు కొడుతున్నారు. మత్తయి పడవ ముందు చిన్న ప్రార్థన చేసుకుని, డ్రమ్ములు ఎక్కించాడు. సుధ కొంగు నడుముకి బిగించి, అతని చెయ్యి పట్టుకుని ఎక్కింది. గిరి కిందే నిలబడ్డాడు, రమ్మంటుందో వద్దంటుందో తెలియక. ఆమె సముద్రం వైపు చూస్తూ అంది, "డ్రమ్ములు ఎవరు పట్టుకుంటారో అడగండక్కా."

గిరి ఎక్కేశాడు.

పడవ అలల మీద ఎగిరి, పడి, చిన్నదై, మిగతా పడవల్లో కలిసిపోయింది. ఏది మాదో తెలియలేదు. ఇసుక కాలేదాకా అక్కడే నిలబడ్డాను. ఆమెకి కడుపులో తిప్పుతుందేమో. వాడికి ఈత అంతంత మాత్రం. ఇద్దరూ ఒక మాటా అనుకోకుండా అంత నీటి మధ్యన ఎలా కూర్చున్నారో. పాలూ, పెరుగూ, రైతులూ, డాక్టరూ, ఏదీ గుర్తు రాలేదు. నా ఆస్తి మొత్తం ఆ నీటి మీద ఉంది, కొలవడానికి నా దగ్గర ఏమీ లేదు.

పడవ కంటే ముందు గొంతు వినబడింది.

"బుద్ధుందా అసలు? మూత బిగించమంటే నన్ను చూస్తారేంటి! ముంచాల్సింది డ్రమ్మునండీ, మిమ్మల్ని కాదు! నేను జుట్టు పట్టుకోకపోతే ఏమయ్యేవారు? అడుగుతుంటే నవ్వుతారే! మళ్ళీ నవ్వు!"

నిలువునా తడిసిన గిరి డ్రమ్ము భుజానికెత్తుకుని మోకాలి లోతు నీళ్ళలో నడిచొస్తున్నాడు. వెనకే సుధ, ముఖం పాలిపోయి, చీర మీద వాంతి మరకలతో, ఒక్క క్షణం ఆగకుండా తిడుతూ వస్తోంది. వాడు ఒక్క మాటకీ ఎదురు చెప్పడం లేదు. ఒడ్డున వలలు సర్దుకునేవాళ్ళు పని ఆపి నవ్వుతున్నారు. నేను ఇసుకలో కూర్చున్నాను.

మత్తయి లంగరు తాడు లాగుతూ నా దగ్గరికొచ్చాడు.

"అమ్మా, మీ తోడికోడలు నా సముద్రాన్ని కూడా తిట్టిందమ్మా, ఇంత ఊపేంటని."

"ఇక రానందా బాబూ?"

"రాకపోవడమా! ఇక్కడ నీళ్ళు ఇంకా తేరలేదంట. రేపు ఇంకా లోపలికి పోవాలంట. పెందలాడే ఇంజను వేసి ఉంచమంది."